అన్న గుర్తు గీసినా తమ్ముడికి కనపడదు!

ఆన్‌లైన్ ఆటల్లో ఎవరికి ఎవరు జత? ఆ లెక్క వెనక పదహారేళ్ల పేచీ

కర్నూలు, అనంతపురం వైపు తిరునాళ్లలో బండలాగుడు పోటీలు చూసినవాళ్లకు ఒక సంగతి చెప్పక్కర్లేదు. ఏ జత ఎద్దులు ఏ విభాగంలో దిగాలో అక్కడ పళ్లు చూసి తేలుస్తారు. పాలపళ్లవి ఒక విభాగం. రెండు పళ్లవి, నాలుగు పళ్లవి, ఆరు పళ్లవి వేరువేరు. ఆపైన సీనియర్లు. పళ్లు వయసు చెబుతాయిగానీ బలం చెప్పవు. ఆ సంగతి ఎద్దుల యజమానులకూ తెలుసు, పోటీ పెట్టేవాళ్లకూ తెలుసు. అంతకంటే మంచి కొలత చేతికి దొరకదు కాబట్టి దాంతోనే సర్దుకుంటారు.

కంప్యూటర్ మీద, ప్లేస్టేషన్ మీద మన పిల్లలు కత్తులు తిప్పే ఆటల్లోనూ సరిగ్గా ఇదే పేచీ ఉంది.

ఒకే ఇంటి పిల్లలు... అన్న బళ్లారిలో ఉద్యోగం, తమ్ముడు హోసూరులో చదువు అనుకుందాం. ఇద్దరి దగ్గరా ‘ఎల్డెన్ రింగ్’ ఆట ఉంది. ఆదివారం సాయంత్రం ఫోన్‌లో మాట్లాడుకుని ఆటలో ఒకే చోటికి చేరారు. అన్న నేల మీద తన గుర్తు గీశాడు. తమ్ముడు దాన్ని ముట్టుకుంటే అన్న అతని లోకంలోకి వస్తాడు. అంతా బాగానే ఉంది. కానీ గుర్తు కనపడదే!

‘గీశాను కదరా, చూడు!’ ‘ఏమీ లేదన్నా ఇక్కడ!’ ఇలా అరగంట గడుస్తుంది. నెట్‌ను తిట్టుకుంటారు, ఆటను మూసి మళ్లీ తెరుస్తారు. అసలు సంగతేంటంటే అన్న 90వ లెవెల్లో ఉన్నాడు, తమ్ముడు 30లో ఉన్నాడు. వాళ్లు ఒకరికొకరు కనపడకూడదని ఆటే తీర్మానించింది. ఆ ముక్క మాత్రం తెర మీద ఎక్కడా రాయలేదు.

మంచుకొండ మీద పుట్టిన ఆలోచన

ఈ ఆటలన్నీ జపాన్‌కు చెందిన ఫ్రమ్‌సాఫ్ట్‌వేర్ సంస్థవి. 2009లో ‘డెమన్స్ సోల్స్’తో మొదలైంది వరస. 2011లో ‘డార్క్ సోల్స్’, 2014లో దాని రెండో భాగం, 2016లో మూడోది, 2022 ఫిబ్రవరి 25న ‘ఎల్డెన్ రింగ్’. ఈ చివరిదొక్కటే 2024 జూన్ నాటికి రెండున్నర కోట్ల కాపీలు అమ్ముడైంది. రెండో డార్క్ సోల్స్ మినహా మిగతావాటికి ప్రధాన దర్శకుడు హిడెటాకా మియాజాకి.

కష్టమైన ఆటలని వీటికి పేరు. ఓ బాస్ చేతిలో ఇరవైసార్లు, ముప్పైసార్లు చచ్చి, చివరికి గెలిచి కేకలు వేసేవాళ్లు ఎందరో. అలాంటి చోట తోడు కావాలనిపిస్తుంది. ఆ తోడు ఎలా ఉండాలన్నదానికి మియాజాకి ఒక ఇంటర్వ్యూలో చెప్పిన అనుభవమే ఆధారం. బాగా మంచు కురిసిన రోజు కొండదారిలో ఆయన కారు జారడం మొదలుపెట్టిందట. వెనక కార్లూ అలాగే చిక్కుకున్నాయి. వెనకున్న కారు ముందు కారును నెట్టుకుంటూ, ఒకరికొకరు సాయంగా అందరూ కొండెక్కారు. ఆగి దండం పెడదామంటే మళ్లీ చిక్కుకుపోతారు. అందుకని ఎవరి దారిన వాళ్లు వెళ్లిపోయారు. ఆ వరసలో ఆఖరివాడు ఇల్లు చేరాడో లేదోనని ఆయన తర్వాత చాలాసేపు ఆలోచించారట.

ఆయన ఆటల్లో సాయం అలాగే వస్తుంది. పేరు తెలీనివాడు గుర్తు గీసి కూర్చుంటాడు. మనం పిలుస్తాం. బంగారు రంగు ఛాయలా వస్తాడు, బాస్‌ను కొట్టిస్తాడు, మాయమవుతాడు.

సాయం చేసేవాడు రాగలిగిన దారినే దొంగ కూడా వస్తాడు. ఎర్రటి ఛాయగా వేరే ఆటగాడు మన లోకంలో చొరబడి మనల్ని చంపి పోవచ్చు. ఇదీ ఆటలో భాగమే. అందుకే ఎవరు ఎవరి ఇంట్లోకి రావచ్చు, ఎవరు రాకూడదు అన్న గీత గీయాల్సి వచ్చింది.

పది కలుపు, పదో వంతు కలుపు

మొదట గీసిన గీత లెవెల్ మీద. శత్రువును చంపితే ‘సోల్స్’ వస్తాయి. అదే డబ్బు, అదే అనుభవం. వాటిని పోసి ఒక్కో లెవెల్ పెంచుకోవాలి. లెవెల్ పెరిగినప్పుడల్లా బలమో, ఆయువో, మంత్రవిద్యో ఒక మెట్టు పెరుగుతుంది.

సాయానికి పిలిచేటప్పుడు ఎంత తేడా ఉండొచ్చన్నది ఆట పెట్టె మీద రాయలేదు. ఆటగాళ్లే పట్టుబట్టి పరీక్షించి తేల్చారు. మీ లెవెల్లో పదో వంతు తీసుకోండి. దానికి పది కలపండి. వచ్చినంత కిందికీ, అంతే పైకీ మీ పరిధి.

20వ లెవెల్ వాడికి పదో వంతు 2. పది కలిపితే 12. అంటే 8 నుంచి 32 దాకా ఉన్నవాళ్లు తగులుతారు. 50వ లెవెల్‌కు తేడా 15, కాబట్టి 35 నుంచి 65. 120కి తేడా 22, అంటే 98 నుంచి 142. పైన చెప్పిన అన్నది 90 కదా... తేడా 19. 71కి తక్కువైనవాడు అతనికి లేనట్టే. 30లో ఉన్న తమ్ముడు ఇంకా చాలా మెట్లు ఎక్కాలి.

పదో వంతు ఎందుకంటారా? లెవెల్ 10 నుంచి 20కి వెళ్తే మనిషి రెట్టింపైనట్టే. 110 నుంచి 120కి వెళ్తే అంత తేడా తెలీదు. పైకి పోయేకొద్దీ ఒక్కో మెట్టు విలువ తగ్గుతుంది కాబట్టి గీతా వెడల్పవుతుంది. చూడ్డానికి చిన్న లెక్కే, మంచి బుర్ర పెట్టి వేశారు.

చొరబాటుకు మాత్రం వేరే కొలత. మొదటి డార్క్ సోల్స్‌లో ఎర్రఛాయగా దూరేవాడు తనకంటే పది శాతం తక్కువ లెవెల్ వాడి దాకానే కిందికి దిగగలడు. పైకి మాత్రం హద్దే లేదు. ఎంత పెద్దవాడి మీదకైనా పోవచ్చు. బలమైనవాడు బలహీనుణ్ని కొట్టకూడదు, బలహీనుడు బలమైనవాడి మీదకు పోతానంటే వాడిష్టం... ఇదీ ధర్మం. వినడానికి ఎంత బాగుందో!

గుమ్మం దగ్గరే కాపు కాశారు

ఈ ధర్మంలోనే చిల్లు పడింది. లెవెల్ అంటే పళ్ల వరసే కదా. మెడ మీద కాడి ఎలాంటిదో పళ్లు చెప్పవు.

మొదటి డార్క్ సోల్స్‌లో లెక్కలోకి వచ్చేది లెవెల్ ఒక్కటే. చేతిలో ఏ కత్తి ఉందన్నది లెక్కలోకి రాదు. కొందరు ముదుర్లు దీన్ని పట్టేశారు. లెవెల్ పెంచుకోకుండా, ఒళ్లంతా జాగ్రత్త పెట్టుకుని ఆటలో చివరి చోట్ల దాకా పరుగెత్తారు. అక్కడి గొప్ప ఆయుధాలు, ఉంగరాలు, మంత్రాలు పోగేసుకున్నారు. మళ్లీ వెనక్కొచ్చి మొదటి ఊళ్లో, కొత్తగా ఆట మొదలుపెట్టినవాళ్ల గుమ్మం దగ్గర కాపు కాశారు. లెక్క ప్రకారం ఇద్దరూ ఒకే తరగతి. ఒకడి చేతిలో విరిగిన చాకు, మరొకడి చేతిలో నిప్పులు కక్కే కత్తి. ఆటగాళ్ల భాషలో ఇలాంటివాణ్ని ‘ట్వింక్’ అంటారు.

ఇది ఆటలో భాగమేనని, చాకచక్యమని సమర్థించినవాళ్లు ఉన్నారు. నిజమే, అలా తయారవడానికి ఎంతో నేర్పు కావాలి. ఆ నేర్పంతా పట్టుకుపోయి నిన్నగాక మొన్న ఆట కొన్నవాడి మీద చూపించడమే మింగుడు పడదు. అనుభవం ఉన్నవాడు తట్టుకుంటాడు. కొత్తవాడు మూడోసారి చచ్చాక డబ్బా మూసి అటక మీద పడేస్తాడు. ఆటకు రావాల్సిన మనిషి అలా పోతాడు.

పోగొట్టుకున్నదీ లెక్కలోకే!

2014లో రెండో డార్క్ సోల్స్ వచ్చేసరికి తయారీదారులు మందు కనిపెట్టామనుకున్నారు. లెవెల్‌ను పక్కన పెట్టారు. దాని బదులు ‘సోల్ మెమరీ’ అన్న కొలత తెచ్చారు. ఆట మొదలుపెట్టిన దగ్గర్నుంచి ఒక మనిషి మొత్తం ఎన్ని సోల్స్ సంపాదించాడో ఆట గుర్తుపెట్టుకుంటుంది. ఆ మొత్తాన్ని బట్టి తరగతులు. దగ్గరదగ్గర తరగతుల వాళ్లే కలుస్తారు.

ఆలోచన అర్థమవుతూనే ఉంది. గొప్ప ఆయుధాలు పోగేయాలంటే బోలెడు శత్రువుల్ని చంపాలి. చంపితే సోల్స్ వస్తాయి. లెవెల్ పెంచుకోకుండా దాచినా సంపాదన చిట్టా దాగదు. గుమ్మం దగ్గర కాపు కాసే ముదుర్లకు ముక్కుతాడు పడినట్టే.

తాడు మాత్రం మెత్తటివాళ్ల మెడకే చుట్టుకుంది.

ఈ ఆటల్లో చస్తే చేతిలో ఉన్న సోల్స్ చచ్చిన చోటే పడిపోతాయి. మళ్లీ అక్కడిదాకా బతికి వెళ్తే తీసుకోవచ్చు. దారిలో ఇంకోసారి చస్తే పోయినట్టే. ఇద్దరు ఆటగాళ్లను అనుకోండి. నేర్పరి 3 లక్షల సోల్స్ సంపాదించి అన్నీ లెవెళ్లకు పెట్టుకున్నాడు. కొత్తవాడు 5 లక్షలు సంపాదించి, చచ్చి చచ్చి 2 లక్షలు పోగొట్టుకున్నాడు. ఇద్దరి బలమూ 3 లక్షలదే. సోల్ మెమరీకి మాత్రం కొత్తవాడు 5 లక్షల ఆసామి. వాణ్ని తీసుకెళ్లి ఆ స్థాయి వస్తాదుల మధ్య నిలబెడుతుంది. వరదకు పంట పోయిన రైతును, పంట మార్కెట్‌కు తోలుకున్న రైతును ఒకే శిస్తు కట్టమన్నట్టు! బాణాలు కొన్నా, మందు కొన్నా ఆ ఖర్చూ బలం కిందే జమ.

స్నేహితులకూ దెబ్బే. వేరేవాడి లోకానికి వెళ్లి సాయం చేస్తే సోల్స్ వస్తాయి. అంటే ఎక్కువ సాయం చేసినవాడు ఎక్కువ దూరం జరిగిపోతాడు. వారం పాటు కలిసి ఆడినవాళ్లు, ఒకడు రెండు రోజులు ఎక్కువ ఆడాడన్న పాపానికి విడిపోయారు. లెవెల్ అయితే పెంచకుండా ఆగొచ్చు. ఈ చిట్టాకు ఆగడమే లేదు, తగ్గడం అంతకన్నా లేదు.

గోల పెరిగాక సర్దుబాట్లు వచ్చాయి. ‘అగేప్ రింగ్’ అని ఒక ఉంగరం ఇచ్చారు. అది తొడుక్కుంటే వచ్చే సోల్స్‌ను అదే మింగేస్తుంది, చిట్టా పెరగదు. ఇంకో ఉంగరంలో స్నేహితులిద్దరూ ఒకే దేవుడి పేరు ఎంచుకుంటే పరిధి కొంత పెరుగుతుంది. సంపాదించింది పారేయడానికి ఓ ఉంగరం కావాల్సి వచ్చిందంటేనే కొలత ఎక్కడో బెసికిందని అర్థం. ఆ తర్వాత వచ్చిన ఏ సోల్స్ ఆటలోనూ ఈ పద్ధతి మళ్లీ కనపడలేదు.

కత్తి కూడా చూస్తారిప్పుడు

2016లో మూడో భాగం మళ్లీ లెవెల్ దగ్గరికి వచ్చింది. ఈసారి దానికి ఇంకో కొలత జత చేశారు. ఆయుధాన్ని కమ్మరి దగ్గర సాన పట్టించి ప్లస్ 1, ప్లస్ 2 అంటూ ప్లస్ 10 దాకా పెంచుకోవచ్చు. లెవెల్ సరిపోయినా, ఆయుధం స్థాయి మరీ తేడాగా ఉంటే జత కుదరదు. 2018లో మొదటి డార్క్ సోల్స్‌ను మెరుగులు దిద్ది మళ్లీ విడుదల చేసినప్పుడు దానికీ ఈ నియమం తగిలించారు. గుమ్మం దగ్గరి ముదుర్లకు అసలు మందు ఇదీ. మన ఎద్దుల పోటీలో పళ్లతోపాటు కాడి కూడా చూసినట్టు.

ఇక్కడా ఒక మెలిక ఉంది. తెలీకపోతే ఇరుక్కుంటారు. ఆట చూసేది ఇప్పుడు చేతిలో ఉన్న కత్తిని కాదు. ఆ పాత్ర చేతికి ఎప్పుడో ఒకప్పుడు వచ్చిన ఆయుధాల్లో అన్నిటికంటే ఎక్కువ సాన పట్టినది ఏదో దాన్నే. పెట్టెలో పెట్టి తాళం వేసినా, అమ్మేసినా చిట్టాలోంచి పోదు. అన్న ప్రేమకొద్దీ తమ్ముడికి తన ప్లస్ 9 కత్తి ఇచ్చాడనుకోండి. తమ్ముడు తీసుకున్న క్షణాన్నే అతని చిట్టా మారిపోతుంది. ఆ తర్వాత తన లెవెల్ వాళ్లెవరూ దొరకరు. బహుమతి ఇచ్చేముందు ఈ సంగతి గుర్తుంచుకోవాలి.

ఎల్డెన్ రింగ్‌దీ ఇదే దారి. అక్కడ మామూలు ఆయుధాలు ప్లస్ 25 దాకా, ప్రత్యేకమైనవి ప్లస్ 10 దాకా పెరుగుతాయి. రెండు కొలతలనూ కలిపి చూసేందుకు ఒక సమీకరణం ఉంది. ప్రత్యేక ఆయుధం ప్లస్ 10 అంటే మామూలుది ప్లస్ 25తో సమానం. ఇక చొరబాట్ల విషయంలో ఇందులో మరో మార్పు చేశారు. ఒంటరిగా ఆడుకునేవాడి జోలికి ఎవరూ రారు. తోడును పిలిచినప్పుడే, లేదా రమ్మని కావాలని కవ్వించినప్పుడే ఎర్రఛాయ వస్తుంది. సాయం కోసం తలుపు తీస్తే దొంగకూ తీసినట్టేనన్నమాట. ఒక లోకంలో మొత్తం నలుగురికి మించరు.

పెద్దమనుషుల ఒప్పందం

కంపెనీ రాసిన నియమాలు ఒకెత్తు, ఆటగాళ్లు తమలో తాము చేసుకున్న ఒప్పందం మరో ఎత్తు. ఎల్డెన్ రింగ్‌లో 713వ లెవెల్ దాకా పోవచ్చు. అయినా ఇతరులతో తలపడాలనుకునేవాళ్లు చాలామంది 125 దగ్గరో, 150 దగ్గరో ఆగిపోతారు. మూడో డార్క్ సోల్స్‌లో ఆ అంకె 120. ఎవరూ చాటింపు వేయలేదు. అందరూ ఒకే చోట ఆగితే అందరికీ అందరూ దొరుకుతారు, అంతే. పైగా ఆ లెవెల్ దాటితే ప్రతివాడూ బలవంతుడూ అవుతాడు, మంత్రగాడూ అవుతాడు. ఏదో ఒకటి ఎంచుకోవాల్సిన అవసరం పోతే ఆటలో రుచి ఏముంది? ఎంత అంకె దగ్గర ఆగాలన్నదాని మీద మాత్రం కొట్లాటలు ఇప్పటికీ నడుస్తూనే ఉన్నాయి.

మరి అన్నదమ్ముల సంగతి?

దారి ఉంది. పేరు పాస్‌వర్డ్. మూడో డార్క్ సోల్స్ నుంచి ఈ సౌకర్యం ఉంది. మల్టీప్లేయర్ మెనూలో ఇద్దరూ ఒకే పాస్‌వర్డ్ కొట్టాలి. ఎల్డెన్ రింగ్‌లో ఎనిమిది అక్షరాల దాకా పెట్టుకోవచ్చు. అప్పుడు లెవెల్, ఆయుధం గీతలు రెండూ చెరిగిపోతాయి. 90వ లెవెల్ అన్న 30వ లెవెల్ తమ్ముడి లోకంలోకి రావచ్చు. వచ్చాక అన్న బలాన్ని తమ్ముడి స్థాయికి తగ్గట్టు ఆట దించేస్తుంది. లేకపోతే ఒక్క వేటుకు బాస్ కూలిపోతాడు, తమ్ముడు చూస్తూ కూర్చోవాలి.

ఎల్డెన్ రింగ్‌లోనే ‘గ్రూప్ పాస్‌వర్డ్’ అని వేరొకటి కనపడుతుంది. చాలామంది పొరబడేది ఇక్కడే. అది గీతల్ని చెరపదు. ఆ గుంపువాళ్ల గుర్తులు ముందు కనపడేలా చేస్తుంది, అంతే.

పాస్‌వర్డ్ కొట్టినా గుర్తు కనపడకపోతే ఇంకో రెండుమూడు చూసుకోండి. పిలిచేవాడు ముందుగా ‘ఫర్ల్‌కాలింగ్ ఫింగర్ రెమెడీ’ అనే వస్తువు వాడాలి, లేకపోతే గుర్తులే కనపడవు. ఇద్దరి యంత్రాలూ ఒకే జాతివి కావాలి. ప్లేస్టేషన్ 4 వాడు ప్లేస్టేషన్ 5 వాడితో ఆడొచ్చుగానీ, కంప్యూటర్ వాడికీ ప్లేస్టేషన్ వాడికీ పొత్తు కుదరదు. ఆట కొనకముందే అన్నదమ్ములు మాట్లాడుకోవాల్సిన విషయమిది. డార్క్ సోల్స్ ఆటల్లో అయితే పిలిచేవాడు ఆ చోటి బాస్‌ను అప్పటికే చంపేసి ఉంటే అక్కడ పిలుపులు నడవవు.

సెట్టింగుల్లో ప్రాంతాల హద్దు కూడా ఉంటుంది. దూరదేశాల వాళ్లతో కలపాలా వద్దా అని అడుగుతుంది. ‘వద్దు’ అంటే దగ్గరివాళ్లే వస్తారు, కత్తి దెబ్బ ఆలస్యం కాకుండా తగులుతుంది. కానీ మనుషులు తక్కువగా దొరుకుతారు. ‘సరే’ అంటే జనం బోలెడు, మీరు పక్కకు తప్పుకున్నాక కూడా దెబ్బ తగిలిందని ఆట చెప్పొచ్చు. అన్నదమ్ములిద్దరూ ఇక్కడివాళ్లే అయితే దీంతో పేచీ లేదు. ఎవరైనా అమెరికాలో ఉంటే మాత్రం ఇద్దరూ ‘సరే’ అనాల్సిందే.

వీటన్నిటికీ మించి సర్వర్ ఉండాలి. మొదటి డెమన్స్ సోల్స్ సర్వర్లు 2018 ఫిబ్రవరి 28న మూతపడ్డాయి. 2022 జనవరిలో ఒక ప్రమాదకరమైన భద్రతా లోపం బయటపడటంతో కంప్యూటర్ల మీది డార్క్ సోల్స్ సర్వర్లన్నీ ఆపేశారు. ఆ ఏడాది చివరికల్లా మిగతావి తిరిగొచ్చాయి. తొలి డార్క్ సోల్స్ పాత కంప్యూటర్ ముద్రణకు మాత్రం మళ్లీ రాలేదు. ఆ డిస్కు ఇంట్లో ఉన్నవాళ్లు ఒంటరిగా ఆడుకోవాల్సిందే.

అందరూ ఒకటో లెవెల్ నుంచే

2025 మే 30న ఇదే సంస్థ ‘ఎల్డెన్ రింగ్ నైట్‌రెయిన్’ విడుదల చేసింది. ఇందులో లెవెల్ గీతల గొడవే పెట్టుకోలేదు. ముగ్గురు జట్టుగా దిగాలి. ప్రతి ఆటా ఒకటో లెవెల్ నుంచే మొదలు. పదిహేను దాకా పెరగొచ్చు. ఆట ముగిస్తే ఆ పెరిగిన లెవెల్ పోతుంది, మర్నాడు మళ్లీ ఒకటి. ఏడాదిగా ఆడుతున్నవాడూ నిన్న కొన్నవాడూ గుమ్మం దగ్గర ఒకే లెవెల్లో నిలబడతారు. 

తీరా చూస్తే ఇందులో మరో చిక్కు. ఒక్కడు ఆడొచ్చు, ముగ్గురు ఆడొచ్చు. ఇద్దరే ఆడదామంటే మొదట్లో వీల్లేదు. అన్నాతమ్ముడూ దిగితే మూడో మనిషి ఎవరో ముక్కూమొహం తెలీనివాడు వచ్చి చేరేవాడు. ఇద్దరి ఆటకు దారి 2025 జులై 30న వచ్చిన అప్‌డేట్‌తో తెరుచుకుంది.